రాయి మీద ఖాళీ సగం

పోయిన వారం ఎమెట్ గ్రీర్ ఒకే ఒక్క ప్రశ్న అడిగాడు. లొరెయిన్ జవాబు చెప్పకుండా కారెక్కి వెళ్ళిపోయింది. మధ్యలో చదవడం మొదలుపెట్టినవాళ్ళ కోసం, కథ ఆ ప్రశ్న దాకా ఎలా వచ్చిందో కాస్త చెప్పాలి.

లొరెయిన్ పికెట్‌కి యాభై ఏడేళ్ళు. అమెరికాలో వెర్మాంట్ రాష్ట్రం ఉత్తరాన ఎల్డర్ ఫాల్స్ అనే చిన్న ఊళ్ళో స్కూలు బస్సు నడుపుతుంది. భర్త డేల్ కిందటేడు జనవరిలో పోయాడు. ఆ ఊళ్ళో చాలామంది దంపతుల్లాగే వాళ్ళిద్దరూ బతికుండగానే సమాధుల తోటలో ఉమ్మడి రాయి నిలబెట్టించుకున్నారు. ఒక సగంలో అతని పేరు, ఇంకో సగంలో ఆమె పేరు, వాటి కింద పుట్టిన సంవత్సరాలు, పక్కన ఒక చిన్న గీత, గీత తర్వాత ఖాళీ. భర్త పేరు ఎడమ పక్కన ఉండటం అక్కడి ఆనవాయితీ. డేల్ మాత్రం, మంచం మీద తను ఎప్పుడూ తలుపు వైపే పడుకుంటాడు కాబట్టి అక్కడ కూడా దారి వైపే ఉంటానని పట్టుబట్టాడు. పేర్లు తారుమారయ్యాయి. డేల్ పోయిన సంవత్సరం చెక్కడానికి అక్టోబరులో పక్క ఊరి నుంచి వచ్చిన ఎమెట్ ముప్పై ఐదేళ్ళ అలవాటు కొద్దీ ఎడమ పక్కన మోకాళ్ళ మీద కూర్చుని, పేరు చదవకుండా చెక్కేశాడు. అలా డేల్ చావు లొరెయిన్ పేరు కింద పడింది.

క్షమాపణ చెప్పడానికి ఇంటికొచ్చాడు. గడ్డకట్టే చలిలో రాయి పని సాగదు, ఎండ వచ్చేదాకా ఆగాలన్నాడు. కాబట్టి చలికాలమంతా ఆ రాయి లెక్కన లొరెయిన్ చనిపోయే ఉంది. చలికాలమంతా ఎమెట్ ఆదివారాలు ఆమె వంటింట్లో కూర్చుని సూప్ తాగాడు. అతని భార్య ఎప్పుడో విడిపోయి అరిజోనా వెళ్ళి ఇంకొకరిని చేసుకుంది. పిల్లలు లేరు. ఏప్రిల్‌లో అతను రాయిని తన షెడ్డుకి పట్టుకెళ్ళి ముఖమంతా అరగదీసి, డేల్ సగాన్ని మళ్ళీ చెక్కి, తెచ్చి నిలబెట్టాడు. రెండో సగం నున్నగా వదిలేశాడు. "ఇక్కడ ఏం చెక్కమంటారు?" అన్నదే అతను అడిగిన ప్రశ్న.

వచ్చే సోమవారం మెమోరియల్ డే, పోయినవాళ్ళ సమాధుల మీద పూలు పెట్టే రోజు. పికెట్ కుటుంబం వాళ్ళు ఎక్కడెక్కడి నుంచో జెరేనియం పూలకుండీలతో ఆ రాళ్ళ దగ్గరికి వస్తారు. అందరూ ఆ నున్నటి సగాన్ని చూస్తారు.

*

శుక్రవారం మధ్యాహ్నం పిల్లల్ని దింపి, బస్సు షెడ్డులో పెట్టి, లొరెయిన్ ఇంటికొచ్చేసరికి వంటింటి తలుపు తెరిచి ఉంది. సింకులో నీళ్ళు పడుతున్న చప్పుడు. ఆ ఊళ్ళో ఎవరూ తలుపుకి తాళం వెయ్యరు. వేస్తే, ఒంట్లో బాగోలేదేమోనని పక్కింటివాళ్ళు ఫోన్ చేస్తారు.

సింకు దగ్గర వెర్నా ఉంది. వెర్నా డేల్‌కి అక్క. డెబ్భై దాటాయి. పోస్టాఫీసులో పనిచేసి రిటైరైంది. పెళ్ళి చేసుకోలేదు. రబ్బరు బూట్లు గుమ్మంలో విడిచి, మేజోళ్ళతో నిలబడి, వండుకోవడానికి ఏటి ఒడ్డున కోసుకొచ్చిన ఫెర్న్ మొలకలకున్న గోధుమరంగు పొట్టు వేలితో రుద్ది తీస్తోంది.

"వచ్చావా," అంది వెనక్కి తిరక్కుండా. "ఇవి కడగడం నీకు రాదు కదా అని నేనే మొదలుపెట్టాను."

"ముప్పై ఏళ్ళుగా కడుగుతున్నాను వెర్నా."

"ముప్పై ఏళ్ళుగా పళ్ళ కింద ఇసక తగులుతూనే ఉంది."

లొరెయిన్ కోటు తీసి కొక్కేనికి తగిలించింది. కాఫీ పెట్టింది. వెర్నా మొలకల కోసం రాలేదని ఆమెకి తెలుసు. మొలకలైతే సంచీ మెట్ల మీద పెట్టేసి వెళ్ళిపోయేది.

"రాయి చూసొచ్చాను," అంది వెర్నా.

"ఎలా ఉంది?"

"ముందు పళ్ళు ఊడిన నోరులా ఉంది. సోమవారం మా చిన్నాన్న కూతురు ఎస్తర్ వస్తుంది, దాని కూతుళ్ళొస్తారు. కనెక్టికట్‌లో ఉన్న చుట్టాలంతా వస్తారు. లొరెయిన్ పేరేదీ అంటారు. ఏం చెప్పను?"

"చలికాలమంతా నేను చచ్చిపోయినట్టు రాసుంటే ఏం చెప్పావు?"

"అప్పుడు నవ్వారు. తప్పు జరిగితే జనం నవ్వుతారు, అంతటితో వదిలేస్తారు. ఇది తప్పులా లేదే. ఎవరో కావాలని వదిలినట్టుంది."

లొరెయిన్ కప్పులు కిందికి దించింది. నవంబరులో సరుకుల కొట్టులో ఒకాయన టోపీ తీసి, "పోయినా కళ తగ్గలేదు మేడమ్," అన్నాడు. ఆ మాట ఊరంతా తిరిగింది. అప్పుడు తనూ నవ్వింది. ఇప్పుడు నవ్వడానికేమీ కనిపించలేదు.

వెర్నా మొదటి నీళ్ళు పారబోసి గిన్నె మళ్ళీ నింపింది. "ఆదివారాలు ఆ రాయి మనిషి ట్రక్కు ఇక్కడ ఎందుకుంటోంది?"

"రాయి గురించి మాట్లాడటానికొస్తాడు."

"అక్టోబరు నుంచీనా? అంత కబుర్లున్న రాయి నేనెక్కడా చూళ్ళేదమ్మా."

"వెర్నా..."

"నా కిటికీలోంచి నీ వాకిలి కనిపిస్తుంది. నేనేమీ ప్రత్యేకంగా చూడక్కర్లేదు. మధ్యాహ్నం వస్తాడు, చీకటి పడేముందు పోతాడు. నీ మెట్ల మీద మంచు తోస్తాడు. తోయడం కూడా సరిగ్గా రాదు, అంచులు వదిలేస్తాడు." ఒక మొలక వెలుగుకి పట్టి చూసి, పొట్టు ఉందని మళ్ళీ రుద్దింది. "మంచివాడేనా?"

ఆ ప్రశ్న వస్తుందని లొరెయిన్ అనుకోలేదు. "మంచివాడే," అంది.

"డేల్ మంచివాడు కాదా?"

"డేల్ మీద నాకు ఒక్క ఫిర్యాదు లేదు. నీకూ తెలుసు."

"అయితే సోమవారం లోపల నీ పేరు చెక్కించు. ముందెలా ఉందో అలాగే. అక్షరాలు కూడా అవే. పని అయిపోతుంది. ఆ తర్వాత ఆదివారాలు నీ ఇంటి ముందు ట్రక్కు కాదు, రైలు పెట్టించుకున్నా నేనడగను."

లొరెయిన్ కాఫీ రెండు కప్పుల్లో పోసింది. వెర్నా కప్పులో మేపుల్ సిరప్ వేసింది, ఆమె అలాగే తాగుతుంది. తనది బల్ల మీద పెట్టుకుని కూర్చుంది. లొరెయిన్ ఎక్కువ మాట్లాడే మనిషి కాదు. బస్సు నడిపేవాళ్ళకి వెనకనుంచి మాటలు వినడమే అలవాటు. కానీ ఈ మాట ఎవరితోనైనా అనాలని నెల రోజులుగా అనుకుంటోంది. వెర్నాతో అనాలని మాత్రం అనుకోలేదు.

"నవంబరులో మంచు పడుతుంటే ఒక్కదాన్నే వెళ్ళి చూశాను," అంది. "నా పేరు, కింద ఆ సంవత్సరం. కోపం రావాలి కదా? రాలేదు. సరిగ్గానే రాశాడనిపించింది. డేల్ పోయాక బస్సు నడిపాను, వండుకున్నాను, పడుకున్నాను. అంతకంటే ఏం చేశానో అడిగితే చెప్పలేను. మొన్న ఏప్రిల్‌లో ఎమెట్ తన షెడ్డుకి పిలిచి నున్నగా చేసిన రాయి చూపించాడు. నా పేరు ఉండే చోట చెయ్యి పెట్టాను. వెర్నా, నాకు ఆకలేసింది."

"ఏమేసింది?"

"ఆకలి. నిజం ఆకలే. ఇంటికొచ్చి గుడ్లు వేయించుకుని, పళ్ళెంలోకి కూడా తియ్యకుండా పెనంలోంచే తినేశాను. ఏడాదిలో మొదటిసారి తిండి రుచి తెలిసింది. అక్కడ మళ్ళీ పేరు చెక్కించుకోవడమంటే..." ఆమె ఆగిపోయింది.

"అంటే, నువ్వక్కడికి రావు."

"తెలీదు."

"తెలీదనకు. నీ మొహం చూసి కుక్కపిల్ల కూడా చెబుతుంది."

వెర్నా కుళాయి కట్టేసింది. తడి చేతులు తుడుచుకుంది. తుడుచుకోవడం అయిపోయాక కూడా ఆ గుడ్డ మడతపెడుతూనే ఉంది. ఇప్పుడిక తిడుతుందని లొరెయిన్ సిద్ధపడింది. ముప్పై ఏళ్ళలో వెర్నా తిట్లు చాలానే విన్నది. వాటికి ఎలా కూర్చోవాలో ఆమెకి తెలుసు.

"అయితే ఆ చోటు నాకియ్యి," అంది వెర్నా.

లొరెయిన్ వెంటనే అర్థం చేసుకోలేకపోయింది.

"అలా చూడకు. అడగడానికి నాకు వారం పట్టింది, మళ్ళీ అడిగించకు. నాన్న ఆ చోట్లు తీసుకునేటప్పుడు నన్ను లెక్కలో వేసుకోలేదు. నేను పెళ్ళి చేసుకుని ఇంకొకళ్ళ వరసలోకి పోతాననుకున్నాడు. చేసుకోలేదు. ఆ తర్వాత నాకో చోటు చూడమని అడగడానికి సిగ్గేసింది. నేనే కొనుక్కున్నాను, కొత్త భాగంలో. గడ్డి కోసే యంత్రం పెట్టే షెడ్డు పక్కన. ఒక పక్క షెడ్డు, ఇంకో పక్క ఫ్లోరిడా నుంచొచ్చిన ఎవరో పెద్దమనిషి. బతికినంతకాలం ఒక్కదాన్నే ఉన్నాను, అది నాకు బాగానే ఉంది. ఎవరికీ అన్నం వేళకి జవాబు చెప్పక్కర్లేదు. కానీ ఆ తర్వాత కూడానా?"

"మరి ఇందాకటి నుంచీ నా పేరు చెక్కించమని..."

"నువ్వొస్తానంటే నీ పేరే ఉండాలి. అది న్యాయం. నేనడ్డం రాను. రాకపోతే నా పేరు ఉండాలి. ఖాళీ మాత్రం వద్దు. వాణ్ణి ఒక్కణ్ణీ అక్కడ వదలడం నాకిష్టం లేదు. చిన్నప్పుడు వాడికి చీకటంటే ప్రాణం పోయేది."

"డేల్‌కా?"

"తలుపు వైపు ఎందుకు పడుకునేవాడనుకున్నావు? నిన్ను కాపాడటానికా?"

లొరెయిన్ అదే అనుకుంది. ముప్పై ఏళ్ళు అదే అనుకుంది.

"ఏదైనా వస్తే ముందు తను పారిపోవడానికి," అంది వెర్నా.

లొరెయిన్‌కి నవ్వొచ్చింది. ఆపుకోవాలని చూసింది, ఆగలేదు. వెర్నా కూడా నోరు బిగించి కాసేపు చూసి నవ్వేసింది. ఆ వంటింట్లో ఇద్దరూ కలిసి నవ్వి ఏడాది దాటింది. నవ్వుతూనే లొరెయిన్‌కి కళ్ళలో నీళ్ళు తిరిగాయి. భయపడే డేల్ ఆమెకి తెలియని డేల్. ఆ డేల్ పక్కన ఉండవలసింది ఎవరో ఆమెకి అప్పుడు అర్థమైంది.

అర్థమయ్యాక కూడా ఒక క్షణం లోపల చురుక్కుమంది. ఎవరూ అడగనంతసేపూ తనకి అక్కర్లేదనిపించిన చోటు అది. ఇప్పుడొకరు అడిగేసరికి, అది ఇన్నాళ్ళూ తనదే కదా అనిపించింది. ఒకసారి వెర్నా పేరు చెక్కితే ఇక తిరిగి రావడం ఉండదు. ఎమెట్ ఈ ఆదివారం రాకపోయినా, ఆ పై ఆదివారం రాకపోయినా, ఉండదు.

"ఇప్పుడే చెప్పక్కర్లేదు," అంది వెర్నా బూట్లు తొడుక్కుంటూ. "కానీ సోమవారం లోపల చెప్పు. ఆ మొలకలు ఇంకో నీళ్ళు కడుగు. ఉడకపెట్టిన నీళ్ళు పారబొయ్యి, కూరలో పొయ్యకు."

*

ఆ సాయంత్రం లొరెయిన్ వెళ్ళేసరికి ఎమెట్ సమాధుల తోటలోనే ఉన్నాడు. మెమోరియల్ డే ముందు వారం అతనికి ఊపిరి సలపదు. చలికాలంలో పోయినవాళ్ళందరి సంవత్సరాలూ ఆ వారంలోనే చెక్కాలి. ట్రక్కు వెనక, ఇసక చిమ్మి అక్షరాలు చెక్కే కంప్రెసర్ హోరుమంటోంది. మే నెల నల్ల ఈగలు మెడ మీద కుట్టకుండా టోపీ మీంచి వల వేలాడదీసుకుని, ఎవరో పెద్దావిడ రాయి మీద అతికించిన, అక్షరాలు కోసిన రబ్బరు అచ్చు పీకుతున్నాడు. లొరెయిన్‌ని చూసి కంప్రెసర్ ఆపేశాడు. ఉన్నట్టుండి పిట్టల చప్పుడు వినిపించింది.

"మీ అచ్చు కోసి పెట్టుకున్నాను," అన్నాడు ముందుగానే. "మీ పేరు. పాతదానిలాగే. కావాలంటే రేపు పొద్దున్నే చేసేస్తాను. వద్దంటే పారేస్తాను. తొందరేం లేదు."

"తొందరుంది. సోమవారం అందరూ వస్తారు."

"ఔను, అదుంది." అతను వల పైకెత్తి టోపీ మీదికి తోసుకున్నాడు. ఈగలు వెంటనే మొహం మీద వాలాయి. తోలుకోలేదు. "ఒక్క మాట చెప్పాలి. మీరు మొన్న అలా వెళ్ళిపోయాక అనుకున్నాను, నేనడగడం తప్పైందని. ఆ రాయి మీద ఏముండాలన్నది నా వల్ల మారకూడదు. మీ పేరే చెక్కమన్నా నేను చెక్కుతాను. చెక్కి, ఆదివారం ఎప్పట్లాగే వస్తాను."

"నా పేరు ఇంకొకాయన పక్కన చెక్కి, వచ్చి మా ఇంట్లో సూప్ తాగుతారా?"

"సూప్ బాగుంటుంది."

"ఎమెట్."

"వస్తాను," అన్నాడు. "అంతకంటే బాగా చెప్పడం నాకు రాదు. ఇన్నేళ్ళూ జనం ఏం చెక్కమంటే అదే చెక్కాను. సొంతంగా ఒక్క వాక్యం రాసిన పాపాన పోలేదు."

లొరెయిన్ డేల్ రాయి దాకా నడిచింది. అతను వెనకాల వచ్చి కాస్త దూరంలో ఆగాడు. డేల్ పేరు, డేల్ సంవత్సరాలు శుభ్రంగా ఉన్నాయి. పక్కన ఏమీ లేని బూడిదరంగు. పొద్దున వానకి తడిసి ఇంకా ఆరలేదు.

"వెర్నా పేరు చెక్కండి," అంది.

"వెర్నాగారు అడిగారా?"

"అడిగింది. అడగడానికి వారం పట్టిందట. నేను ఎక్కడుంటానో నాకు తెలీదు. ఇక్కడ కాదని మాత్రం ఇప్పుడు తెలిసింది. మీరు ఆదివారాలు మానేసినా ఇది మారదు. అది మీకు చెప్పాలనే వచ్చాను."

ఎమెట్ తల ఊపాడు. మొహంలో ఏదో కదిలింది కానీ దాన్ని పైకి రానివ్వలేదు. పని మాటలోకి దిగాడు. "ఈ చోటు డేల్ పేరు మీదుంది. ఆయన తర్వాత మీదీ మీ అబ్బాయిదీ. ఇంకొకరి పేరు చెక్కాలంటే ఇద్దరూ సరేననాలి. అబ్బాయికి తెలుసా?"

"తెలీదు."

"నా గురించి?"

"రాయి మీద తప్పు చేసిన ఆయన అని తెలుసు."

"అది నిజమే కదా," అన్నాడు ఎమెట్.

కర్టిస్, లొరెయిన్‌కి ఒక్కగానొక్క కొడుకు. బర్లింగ్టన్‌లో ఎలక్ట్రీషియన్. తండ్రి పోయాక వారానికోసారి ఫోన్ చేసి, పొయ్యిలోకి కట్టెలున్నాయా, కారు టైర్లు మార్పించావా అని అడుగుతాడు. ఆమె ఉన్నాయంటుంది, మార్పించానంటుంది. అంతకు మించి వాళ్ళిద్దరి మధ్యా మాటలు సాగవు. ఇంటికెళ్ళి, తీరిగ్గా కూర్చుని, ఏం చెప్పాలో ఆలోచించుకుని చెయ్యవచ్చు. ఇంటికెళ్తే చెయ్యదని ఆమెకి తెలుసు. కోటు జేబులోంచి ఫోన్ తీసింది.

"అమ్మా? ఏమైంది?" ఆమె చెయ్యని వేళ ఫోన్ చేసేసరికి అతనికి కంగారు పుట్టింది.

"ఏమీ కాలేదు. సమాధుల తోటలో ఉన్నాను. నీతో ఒక మాట. నాన్న పక్కన వెర్నా అత్త పేరు చెక్కిద్దామనుకుంటున్నాను. నువ్వు సరేననాలి."

"అత్త పేరా? మరి నీది?"

"నాది వద్దు."

అవతల ఏదో దించిన చప్పుడైంది, నిచ్చెనో పనిముట్ల పెట్టో. "ఎందుకు?"

"అత్తకి ఆ చోటు కావాలి."

అక్కడితో ఆపేయవచ్చు. ఆ మాట అబద్ధం కాదు. కర్టిస్ కూడా అత్త కోసమంటే ఒప్పుకుంటాడు, మంచి మనసున్నవాడు. సోమవారం గడిచిపోతుంది, అందరూ లొరెయిన్‌ది పెద్ద మనసు అంటారు. కాస్త దూరంలో ఎమెట్ ఈగలు తోలుకోకుండా నిలబడి, కనపడని ఏదో చూస్తున్నట్టు కొండల వైపు చూస్తున్నాడు.

"అదొక్కటే కాదు," అంది. "రాయి చెక్కే ఆయన, ఎమెట్ గ్రీర్. చలికాలం నుంచీ మన ఇంటికి వస్తున్నారు."

"ఎందుకు?"

"ఆదివారాలు వస్తారు. ఆయన వస్తారని నేను శనివారమే సూప్ పెట్టుకుంటాను."

కర్టిస్‌ది తండ్రి పోలిక. ఆలోచిస్తున్నప్పుడు ముక్కుతో గట్టిగా ఊపిరి పీలుస్తాడు. ఆ చప్పుడు ఆమెకి ఫోన్‌లో వినిపిస్తోంది.

"ఆయన ఇప్పుడక్కడ ఉన్నారా?" అన్నాడు.

"ఉన్నారు."

"ఫోన్ ఆయనకియ్యి."

"కర్టిస్, నువ్వేమీ..."

"ఇయ్యమ్మా."

ఆమె ఫోన్ చాపింది. ఎమెట్ రాతి పొడి అంటిన అరచేతిని ప్యాంటుకి తుడుచుకుని అందుకున్నాడు. "ఎమెట్ గ్రీర్‌ని మాట్లాడుతున్నాను," అన్నాడు, ఎవరో రాయి పని ఇవ్వడానికి చేసినట్టు. తర్వాత విన్నాడు. వింటూ టోపీ తీసేశాడు. ఔనన్నాడు. కాదన్నాడు. మళ్ళీ ఔనన్నాడు. ఒకచోట, "అది నా తప్పే, పేరు చదవలేదు," అన్నాడు. తర్వాత నేల వైపు చూశాడు.

"పెళ్ళి చేసుకోవాలనే ఉందండీ," అన్నాడు. "కానీ ఆమెనే ఇంకా అడగలేదు."

లొరెయిన్ చెయ్యి డేల్ రాయి పై అంచు మీద ఉంది. తీసేసింది.

ఎమెట్ ఆమె వైపు చూడకుండానే ఫోన్ తిరిగి ఇచ్చాడు. అతని మెడ మీద ఈగ కుట్టినచోట సన్నగా నెత్తురు కనిపించింది. "మీతో మాట్లాడతాడట," అన్నాడు.

ఆమె చెవి దగ్గర పెట్టుకుంది.

"విన్నావా అమ్మా?" అన్నాడు కర్టిస్.

"విన్నాను."

"మరి?"